ముప్పై మాడ్స్ వేసిన టెరారియాకు ఏ డిఫికల్టీ పెట్టుకోవాలి?

మీరు అడిగింది ఇదీ. టెరారియా అనే కంప్యూటర్ గేమ్‌కు మాడ్స్ (ఆటను మార్చే, పెంచే అదనపు ఫైళ్లు) ఎక్కించే టీమాడ్‌లోడర్ పెట్టి, కలామిటీ అనే పెద్ద మాడ్‌తో పాటు ఇంకో ముప్పై మాడ్స్ దాకా ఎక్కించారు. కొత్త వరల్డ్ చేయబోతే క్లాసిక్, ఎక్స్‌పర్ట్, మాస్టర్‌లలో ఏది కావాలని అడుగుతోంది. ఇవి కాక కలామిటీ వాళ్లు పెట్టిన ఇంకా కష్టమైన మోడ్‌లు రివెంజెన్స్, డెత్ ఉన్నాయి. మీకు రోజుకు గంటకు మించి టైమ్ ఉండదు. అప్పుడప్పుడు మీ చెల్లెలు కూడా ఆడుతుంది. ఫ్రెండ్సేమో మాస్టర్‌కు తగ్గితే ఆడినట్టే కాదంటున్నారు.

జవాబు ముందే చెప్పేస్తాను. వరల్డ్‌ను ఎక్స్‌పర్ట్‌లో చేయండి. క్యారెక్టర్‌ను క్లాసిక్‌లో చేయండి. పేరు ఒకటే అయినా ఈ క్లాసిక్ వేరు, వరల్డ్ క్లాసిక్ వేరు. ఇక్కడ దాని అర్థం చచ్చిపోతే డబ్బులు మాత్రమే పడిపోతాయని, సామాన్లు మన దగ్గరే ఉంటాయని. రివెంజెన్స్‌ను మొదటి బాస్ (ఆటలో ఎదురయ్యే పెద్ద శత్రువు) దాకా ఆపి ఉంచండి. డెత్ జోలికి ఇప్పుడు పోకండి.

ఇది ఊరికే చెప్పడం లేదు, మాస్టర్‌లో మొదలుపెట్టి మధ్యలో వదిలేసినవాణ్ణి నేను. మాది చిత్తూరు, గ్రీమ్స్‌పేట. మామిడి పల్ప్ ఫ్యాక్టరీలో లెక్కలు చూస్తాను. మార్చిలో మాకు పని తక్కువ. అప్పుడు మాస్టర్ వరల్డ్ చేసి, రివెంజెన్స్ కూడా మొదటి రోజే ఆన్ చేశాను. రోజుకు మూడు గంటలు కూర్చునేవాణ్ణి కాబట్టి రెండు నెలలు బాగానే సాగింది. జూన్‌లో తోతాపురి లోడ్లు మొదలయ్యాయి. ఫ్యాక్టరీ గేటు నుంచి రోడ్డు దాకా ట్రాక్టర్లు, కాటా చీటీలన్నీ నా టేబుల్ మీదికే. రాత్రి పదకొండుకు ఇంటికొచ్చి అన్నం తిన్నాక నాకు మిగిలేది అరగంట. ఆ అరగంటలో స్లైమ్ గాడ్ అనే కలామిటీ బాస్ మీదికి మూడుసార్లు వెళ్లి మూడుసార్లూ చచ్చేవాణ్ణి. బాస్ కదలికలు ఒంటబట్టాలంటే ఆగకుండా పది పదిహేనుసార్లు ఆడాలి. రోజుకు మూడుసార్లయితే నిన్న నేర్చుకున్నది ఈరోజుకు చేతుల్లో ఉండదు. రెండు వారాలు అలాగే తన్నుకులాడి, ఆటే మూసేశాను. మళ్లీ తెరిచింది సెప్టెంబర్‌లో.

అందుకే మీరు చెప్పిన ఆ గంటను నేను చాలా సీరియస్‌గా తీసుకుంటున్నాను. టెరారియాలో ఒక రోజంతా గడవడానికి మన గడియారంలో 24 నిమిషాలు పడుతుంది. పగలు 15, రాత్రి 9. ఐ ఆఫ్ క్తుల్హూ లాంటి బాస్‌లు రాత్రి మాత్రమే వస్తాయి, తెల్లారితే వెళ్లిపోతాయి. అంటే మీ గంటలో దొరికేది రెండు మూడు రాత్రులు. కలామిటీలో బాస్‌ను పిలిచే వస్తువు వాడితే ఖర్చయిపోదు కాబట్టి అదే రాత్రి మళ్లీ పిలవచ్చు. మంచం వేసుకుని పడుకుంటే పగలు ఐదింతలు వేగంగా గడుస్తుంది. ఇవన్నీ వాడుకున్నా, తయారీకి పోయే టైమ్ తీసేస్తే నిజంగా బాస్‌తో కొట్లాడడానికి పెద్దగా మిగలదు. డిఫికల్టీ ఎంత పెరిగితే అంత ఎక్కువ ప్రాక్టీస్ కావాలి. మీ ఫ్రెండ్స్ చేతిలో ఎన్ని గంటలున్నాయో ఒకసారి అడిగి చూడండి.

ఇప్పుడు అసలు ఏది ఏం మారుస్తుందో చూద్దాం. ఎక్స్‌పర్ట్‌లో మామూలు శత్రువుల ప్రాణం, దెబ్బ రెండూ దాదాపు రెట్టింపు. మాస్టర్‌లో మూడింతలు. బాస్‌ల లెక్క వేరు. మాడ్స్ లేని ఆటలో ఐ ఆఫ్ క్తుల్హూకు క్లాసిక్‌లో 2,800 ప్రాణం ఉంటే, ఎక్స్‌పర్ట్‌లో 3,640, మాస్టర్‌లో 4,641. అంకెలు చూస్తే పెద్ద తేడా అనిపించదు. కానీ ఎక్స్‌పర్ట్‌లో అదే బాస్ ప్రాణం తగ్గేకొద్దీ ఊపిరాడనివ్వకుండా మీద మీదికి దూసుకొస్తుంది. అంటే బాస్ నడవడికే మారుతుంది. ఎక్స్‌పర్ట్ నుంచి మాస్టర్‌కు వెళ్తే నడవడిక పెద్దగా మారదు, అంకెలే పెరుగుతాయి.

ఇచ్చేవాటిలోనూ తేడా ఉంది. ఎక్స్‌పర్ట్‌లో ప్రతి బాస్‌కూ ట్రెజర్ బ్యాగ్ వస్తుంది, అందులో క్లాసిక్‌లో దొరకని వస్తువులుంటాయి. ఐ ఆఫ్ క్తుల్హూ బ్యాగులో వచ్చే షీల్డ్ ఆఫ్ క్తుల్హూ ఒక్కటి చాలు చెప్పడానికి. పక్కకు రెండుసార్లు నొక్కితే మనిషి దూసుకుపోతాడు. అది వచ్చిన రోజు నుంచి ఆడే తీరే మారిపోతుంది. కలామిటీ బాస్‌ల దాడులు తప్పించుకోవడానికి అలాంటి డాష్ లేకపోతే చాలా కష్టం. క్లాసిక్ వద్దనడానికి నాకున్న ముఖ్య కారణం ఇదే. మాస్టర్ అదనంగా ఇచ్చేది ఒక యాక్సెసరీ స్లాట్, ఇంట్లో పెట్టుకునే రెలిక్‌లు, పెంపుడు జంతువులు. వాటి కోసం మూడింతల దెబ్బలు ఓర్చుకోవాలా అన్నది మీ ఇష్టం. నాకైతే అక్కర్లేదనిపించింది.

డిఫెన్స్ సంగతి కూడా చెప్పాలి, దీన్ని ఎవరూ సరిగ్గా చెప్పరు. క్లాసిక్‌లో ఒక పాయింట్ డిఫెన్స్ అర పాయింట్ దెబ్బను ఆపుతుంది. ఎక్స్‌పర్ట్‌లో ముప్పావు, మాస్టర్‌లో పూర్తి పాయింట్. ఐరన్‌స్కిన్ పోషన్ తాగితే 8 డిఫెన్స్ వస్తుంది కదా, అది క్లాసిక్‌లో 4 పాయింట్ల దెబ్బే ఆపితే ఎక్స్‌పర్ట్‌లో 6 పాయింట్లు ఆపుతుంది. డేబ్లూమ్ పువ్వు, ఇనుప ఖనిజం, నీళ్ల సీసా, అంతే దానికి కావలసింది. డిఫికల్టీ పెంచుకున్నవాళ్లు పోషన్లు మానేస్తే పెంచుకుని లాభం లేదు. ఇంటి పక్కన నాలుగు కుండీల్లో డేబ్లూమ్ వేసుకోండి. చెక్క ప్లాట్‌ఫారాలు పొడవుగా పరిచి, మధ్య మధ్యలో క్యాంప్‌ఫైర్లు పెట్టండి. ఈ రెండు పనులకే నా చావులు బాగా తగ్గాయి.

ఇక మాడ్స్ దగ్గరికొస్తే, మామూలు ఆటకు చెప్పే సలహా ఇక్కడ సరిపోదు. దీనికి మా మేనల్లుడి సంగతి చెప్తాను. వాడికి తొమ్మిదేళ్లు, తిరుపతిలో చదువుతున్నాడు, ఎండాకాలం సెలవులకు మా ఇంటికొస్తాడు. ఆ మాస్టర్ వరల్డ్‌లోకే వాణ్ణి కూడా చేర్చుకున్నాను. ఎక్స్‌పర్ట్, మాస్టర్‌లలో ఇంకో మనిషి చేరితే బాస్ ప్రాణం పెరుగుతుంది, క్లాసిక్‌లో పెరగదు. ఆ విషయం నేను లెక్కలోకి తీసుకోలేదు. డెజర్ట్ స్కర్జ్ అనే కలామిటీ బాస్ మీదికి వెళ్లాం. ఇసుక లేస్తోంది, ఆ బాస్ పురుగులు, నా పెట్ వెలుగులు, ఇంకేదో మాడ్ తెచ్చిన నిప్పురవ్వలు, స్క్రీన్ నిండా ఏవేవో. మా మేనల్లుడు చచ్చాడు. లేచాడు, మళ్లీ చచ్చాడు. నాలుగోసారి నా వైపు తిరిగి, "మామా, నాకేం తగిలింది?" అన్నాడు. నాకూ తెలియలేదు. వాడు మౌస్ పక్కన పెట్టి, "నువ్వు కొట్లాడు మామా, నేను చెట్లు కొట్టుకుంటా" అన్నాడు. సెలవులయ్యేదాకా మళ్లీ బాస్ దగ్గరికి రాలేదు.

వాడి ప్రశ్నే ఇప్పుడు నేను డిఫికల్టీని కొలిచే కొలత. చచ్చిపోయిన మరుక్షణం, ఎందుకు చచ్చానో మీరు చెప్పగలగాలి. ఆలస్యంగా దూకాను, పోషన్ మరిచిపోయాను, ప్లాట్‌ఫారం అయిపోయింది, ఇలా ఏదో ఒకటి. చెప్పగలిగితే మీరు సరైన చోట ఉన్నట్టు, ఎన్నిసార్లు చచ్చినా పర్వాలేదు. వరసగా ఐదుసార్లు చచ్చి ఒక్కసారి కూడా కారణం తెలియలేదంటే డిఫికల్టీ ఎక్కువైనట్టు. మాడ్స్ ఎక్కువ ఉన్నచోట ఈ కారణం తెలియకపోవడమే పెద్ద సమస్య, ఎందుకంటే ఒక్కో మాడ్ ఒక్కో రకం దెబ్బను తెస్తుంది. మూడింతల డ్యామేజ్‌లో కొద్ది దెబ్బలకే పోతారు కాబట్టి చూసి నేర్చుకునే అవకాశమే దొరకదు. ఎక్స్‌పర్ట్‌లో ఇంకొన్ని దెబ్బలు తట్టుకుంటారు. ఆ లోపు కన్ను అలవాటు పడుతుంది.

రివెంజెన్స్‌ను కొంచెం ఆగి పెట్టుకోమన్నది కూడా ఇందుకే. ఇన్వెంటరీ (మన సామాన్ల పట్టిక) తెరిస్తే కనిపించే చిన్న ఐకాన్ నుంచి దాన్ని మార్చుకోవచ్చు, బాస్ లేనప్పుడు మార్చండి. వరల్డ్ డిఫికల్టీని అలా మార్చుకోలేం, చేసినప్పుడు పెట్టిందే చివరిదాకా. కాబట్టి మార్చలేనిదాన్ని మధ్యస్థంగా పెట్టుకుని, మార్చుకోగలిగేదాన్ని నెమ్మదిగా పెంచుకోవడం తెలివైన పని. రివెంజెన్స్ కష్టం పెంచడమే కాదు, రేజ్, అడ్రినలిన్ అని రెండు మీటర్లు ఇస్తుంది. అడ్రినలిన్ బాస్ ఫైట్‌లో దెబ్బ తగలకుండా ఉన్నంతసేపూ నిండుతుంది, తగిలితే పోతుంది. నిండాక వాడితే కొద్దిసేపు మన దెబ్బ బాగా పెరుగుతుంది. తప్పించుకోవడం నేర్చుకున్నవాడికి ఇది బహుమానం. నేర్చుకోకముందే పెట్టుకుంటే ఆ మీటర్ ఎప్పుడూ ఖాళీగానే కనిపిస్తుంది, కష్టం మాత్రం మిగులుతుంది. డెజర్ట్ స్కర్జ్‌ను మామూలు ఎక్స్‌పర్ట్‌లో ఒకసారి కొట్టండి, తర్వాత రివెంజెన్స్ ఆన్ చేసి అదే బాస్‌ను మళ్లీ పిలవండి. తేడా ఏంటో ఒక్క సాయంత్రంలో తెలిసిపోతుంది.

మీ ముప్పై మాడ్స్ జాబితాలో ఒకటి చూసుకోండి. బాస్‌ల నడవడిక మార్చే మాడ్ ఒక్కటే ఉండాలి. ఫార్గోస్ సోల్స్ అనే మాడ్‌లో ఎటర్నిటీ మోడ్ ఉంది, కలామిటీలో రివెంజెన్స్ ఉంది. రెండూ ఒకే బాస్‌ను తమ తమ పద్ధతిలో మార్చాలని చూస్తాయి. రెండూ కలిపి ఆన్ చేయకండి. థోరియం లాంటి, కొత్త ఆయుధాలు, బాస్‌లు తెచ్చే పెద్ద కంటెంట్ మాడ్ ఉంటే ఇంకో రకం చిక్కు. ఒక మాడ్ ఆయుధం ఇంకో మాడ్ బాస్‌ను లెక్కలో పెట్టుకుని చేసింది కాదు. ఒక బాస్ మంచులా కరిగిపోతుంది, పక్కదాని మీద గీత కూడా పడదు. అది మీ ఆటలో లోపమనుకోకండి. బాస్ చెక్‌లిస్ట్ మాడ్ ఉంటే తర్వాత ఎవరి మీదికి వెళ్లాలో వరస చూపిస్తుంది. అది తప్పకుండా ఉంచుకోండి.

ఇంకో మాట, మొదటి పది గంటలు చూసి డిఫికల్టీ మార్చేయాలనుకోవద్దు. అలిపిరి మెట్లు ఎక్కినవాళ్లకు ఇది తెలుసు. గాలి గోపురం దాకా ఊపిరాడదు, ఆ తర్వాత చాలా దూరం హాయిగా నడిచిపోతాం, చివర్లో మోకాళ్ల మెట్టు మళ్లీ నిలువునా లేస్తుంది. ఎక్స్‌పర్ట్ కూడా అంతే. కవచం లేని మొదటి రోజుల్లో జాంబీ రెండు తన్నినా టెన్షనే. ఇనుమో సీసమో దొరికి ఒంటి నిండా వేసుకున్నాక చాలాసేపు సాఫీగా సాగుతుంది. వాల్ ఆఫ్ ఫ్లెష్ అనే బాస్‌ను కొట్టి, ఆటలో కష్టమైన రెండో దశ అయిన హార్డ్‌మోడ్‌లోకి అడుగుపెట్టగానే మళ్లీ మొదటి రోజులే గుర్తొస్తాయి. ఆ రెండు చోట్లా ఓపిక పట్టండి.

మీ చెల్లెలికి ఇలాంటి ఆటలు కొత్తయితే ఆమెతో ఆడడానికి విడిగా జర్నీ వరల్డ్ ఒకటి చేయండి. అందులో శత్రువుల బలం స్లైడర్‌తో ఎప్పుడు కావాలంటే అప్పుడు పెంచుకోవచ్చు, తగ్గించుకోవచ్చు. జర్నీ క్యారెక్టర్ మామూలు వరల్డ్‌లోకి రాదు, కాబట్టి ఆమెకు కొత్త క్యారెక్టర్ చేయాలి. మా మేనల్లుడితో మొన్న ఎండాకాలం అలాగే మొదలుపెట్టి, రెండు వారాల తర్వాత ఎక్స్‌పర్ట్‌కు మారాం. డెజర్ట్ స్కర్జ్ దగ్గర వాడు ఆరుసార్లు చచ్చాడు. ఈసారి ప్రతిసారీ వాడే చెప్పాడు, "లేటుగా దూకినా మామా" అని. ఏడోసారి కొట్టేశాం.

మొదలుపెట్టేముందు చేయాల్సింది ఒకటుంది. డాక్యుమెంట్స్‌లో మై గేమ్స్, టెరారియా, టీమాడ్‌లోడర్, వరల్డ్స్ అనే ఫోల్డర్‌కు వెళ్లండి. ఒక్కో వరల్డ్‌కు రెండు ఫైళ్లుంటాయి, ఒకటి డబ్ల్యూఎల్‌డీ, ఇంకోటి టీడబ్ల్యూఎల్‌డీ. మాడ్స్‌కు సంబంధించినదంతా రెండోదాంట్లోనే ఉంటుంది. ల్యాప్‌టాప్ మార్చినప్పుడు నేను మొదటిదొక్కటే కాపీ చేసుకున్నాను. వరల్డ్ తెరుచుకుంది కానీ మాడ్ సామాన్లతో నింపిన పెట్టెలన్నీ పోయాయి, కొట్టిన కలామిటీ బాస్‌లు కొట్టనట్టే అయ్యారు. ప్లేయర్స్ ఫోల్డర్‌లో కూడా పీఎల్ఆర్, టీపీఎల్ఆర్ అని ఇలాగే జంటగా ఉంటాయి. నాలుగూ కలిపి పెన్‌డ్రైవ్‌లో వేసుకోండి. కొత్త మాడ్ ఏదైనా తగిలించాలన్నా, ఉన్నది అప్‌డేట్ చేయాలన్నా ముందు ఆ పని చేయండి.