మొక్కల మీద మోజు సరే, ఉద్యోగం మాటేమిటి?

ప్రశ్న: మా అమ్మాయి బెంగళూరులో రెండో పీయూసీ (ఇంటర్ రెండో ఏడాది), పీసీఎంబీ (ఫిజిక్స్, కెమిస్ట్రీ, లెక్కలు, బయాలజీ) చదువుతోంది. అడవి మొక్కలు, వన్యప్రాణుల సంరక్షణలోనే పనిచేస్తానంటోంది. మాకేమో ఇంజినీరింగ్ చేయించాలని ఉంది. ఆ రంగంలో బతుకుతెరువు ఉందాండీ?
– ఒక తండ్రి, మారతహళ్లి

ఉందండీ. కాకపోతే డిగ్రీ పట్టా రాగానే దొరికేది కాదు. పీజీ దాకా చదివించే ఓపిక మీకుండాలి. ఇంజినీరింగ్ చేసినా ఈ దారి మూసుకుపోదు, ఫారెస్ట్ సర్వీసు పరీక్షకు ఆ డిగ్రీ కూడా చెల్లుతుంది. కానీ మనసు ఇటే ఉన్న పిల్లకు నాలుగేళ్లు వేరే చదువెందుకు? బోటనీ, జువాలజీ ఉన్న బీఎస్సీ గానీ, కర్ణాటకలోని పొన్నంపేటలోనో తమిళనాడులోని మేట్టుపాళయంలోనో బీఎస్సీ ఫారెస్ట్రీ గానీ మేలు. లెక్కలు మాత్రం వదలనివ్వకండి. స్టాటిస్టిక్స్ రానివాళ్లు పీజీలో అక్కడే తడబడతారు.

పీజీకి మీ ఊళ్లోనే ఎన్‌సీబీఎస్ (నేషనల్ సెంటర్ ఫర్ బయలాజికల్ సైన్సెస్) ఉంది, డెహ్రాడూన్‌లో వైల్డ్‌లైఫ్ ఇన్‌స్టిట్యూట్ ఉంది. ఎన్‌సీబీఎస్ వైల్డ్‌లైఫ్ ఎమ్మెస్సీలో రెండేళ్లకోసారే చేర్చుకుంటారు, సీట్లూ తక్కువే. డిగ్రీ అయిన ఏడాది నోటిఫికేషన్ పడకపోతే, ఆ ఏడాది ఏదైనా ప్రాజెక్టులో ఫీల్డ్ అసిస్టెంటుగా చేరడం మంచిది. తర్వాత జాతీయ అర్హత పరీక్ష నెట్ పాసై, పరిశోధన చేసేవాళ్లకిచ్చే ఫెలోషిప్ జేఆర్‌ఎఫ్ వస్తే నెలకు 37,000 రూపాయలు, పైన ఇంటద్దె భత్యం. మామూలు ప్రాజెక్టు ఉద్యోగాలు మాత్రం చాలావరకు ఏడాది, రెండేళ్ల ఒప్పందాలే.

పులి అంటే అందరూ ఎగబడతారు. గడ్డి మొక్కను చూసి పేరు చెప్పేవాళ్లే దొరకరు, సర్వేలకు కావలసింది వాళ్లే. బెంగళూరు రోడ్లను గులాబీ రంగుతో ముంచే టబేబుయా అమెరికా ఖండం నుంచి వచ్చిందనీ, కానుగ మనదనీ తెలియని బీఎస్సీ వాళ్లు బోలెడుమంది.

అందుకే హెర్బేరియం, అంటే ఎండబెట్టిన మొక్కల నమూనాల సేకరణ, ఇప్పుడే మొదలుపెట్టించండి. వీధి పక్క ఉత్తరేణి, తుమ్మి చాలు. అభయారణ్యాల్లో అనుమతి లేకుండా ఆకు కూడా కోయకూడదు. పువ్వో కాయో ఉన్న కొమ్మే కోయాలి, ఉత్త ఆకులతో చాలా మొక్కలు తేలవు. పాత న్యూస్‌పేపర్ల మధ్య పరిచి, ఒక ఆకునైనా వెనక్కి తిప్పి, పైన బరువు పెట్టాలి. మొదటి వారం రోజూ పేపర్లు మార్చాలి. వానాకాలంలో రెండు రోజులు బద్ధకిస్తే బూజు పట్టేస్తుంది. ఎండాక పువ్వు రంగు పోతుంది కాబట్టి రంగు, చోటు, తేదీ, మొక్క ఎత్తు కోసినప్పుడే రాసుకోవాలి. ఆ చీటీ లేని నమూనా ఎవరికీ పనికిరాదు. ఎండినదాన్ని 42 × 28 సెంటీమీటర్ల మందపాటి షీటు మీద అతికించాలి.

పేరు తేలని మొక్కలుంటే పువ్వు, ఆకు అడుగు, కాండం విడివిడిగా ఫోటోలు తీసి ఇండియా బయోడైవర్సిటీ పోర్టల్ అనే వెబ్‌సైట్‌లో పెట్టమనండి. దూరం నుంచి తీసిన ఒక్క ఫోటోతో ఎవరూ ఏమీ చెప్పలేరు.