సందు మిషనుకు ఆపే మీట ఎక్కడ?

చిట్టితల్లికి,

నువ్వు రాసి పంపిన మాంత్రికుడి కథ పదకొండు పేజీలూ చదివాను. మీ అవ్వ అద్దాలు పెట్టుకుని రెండుసార్లు చదివింది. ఆమెకి నీ మాంత్రికుడు బాగా నచ్చాడు. నాకు రెండు లోకాల మధ్య నుంచి బలం లాగే అతని మిషను నచ్చలేదు. ముప్పై ఎనిమిదేళ్లు బెంగుళూరు ఎస్.పి. రోడ్డు సందులో కూర్చుని మోటార్లకు వైండింగ్ చేసినవాణ్ణి, అంటే లోపలి రాగితీగ చుట్టినవాణ్ణి, నా కళ్లు ముందు మిషను మీదికే పోతాయి మరి.

మొదట పేరు మార్చు. ‘బహుళ పరిమాణాంతర శక్తి సంగ్రాహక యంత్రం’ అని మాంత్రికుడు రాగిరేకు మీద చెక్కించుకుంటే చెక్కించుకోనీ. రోజూ దానికి నూనె పోసే కుర్రాడి నోటికి అంత పేరు రాదు. మా అంగడికి ‘సబ్‌మెర్సిబుల్ పంపు తెచ్చాను’ అంటూ ఎవరూ రాలేదు. ‘అన్నా, బోరు మోటారు కాలిపోయింది’ అనేవాళ్లు. నీ కుర్రాడు దాన్ని ‘సందు మిషను’ అంటాడు. రెండు లోకాల నడుమ సందులోంచి కదా లాగేది!

ఇక అసలు సంగతి. మిషను తిరిగింది, నీలం వెలుగొచ్చింది, కోటంతా దీపాలు వెలిగాయి. ఆ బలం ఎక్కణ్ణుంచి వచ్చిందంటే ‘లోకాల మధ్య నుంచి’ అని రాశావు. మధ్యలో ఉన్నంత మాత్రాన బలం రాదమ్మా, ఎచ్చుతగ్గులుండాలి. శివనసముద్రం దగ్గర కావేరి పైనుంచి దూకబట్టే 1902లో అక్కడి కరెంటు సుమారు 147 కిలోమీటర్లు పోయి కోలారు బంగారు గనులు నడిపింది. 1905లో బెంగుళూరు వీధిదీపాలు వెలిగించింది. అదే నీళ్లు మడుగు కట్టి నిలబడితే ఎన్ని టర్బైన్లు దించినా దోమలే పుడతాయి. ఎత్తూ పల్లం, వేడీ చల్లన, ఓల్టేజీ, ఏదైనా సరే, రెండు పక్కలా సమానమైపోతే మిషను నిలబడిపోతుంది. మరి నీ రెండు లోకాల్లో మిట్ట ఏది, పల్లం ఏది? అక్కడ కాలమే బిగువుగా ఉందంటావా, అనుకో. మంత్రాల కథ, నీ ఇష్టం. ఏదో ఒకటి మాత్రం పెట్టు.

పెట్టావంటే కథ దానంతటదే కదులుతుంది. ఇటు తోడేకొద్దీ అటు తగ్గుతుంది కదా, అటు ఎవరున్నారు? శివనసముద్రంలో ఎండాకాలం నీళ్లు తగ్గితే కరెంటూ తగ్గేది. 1911లో ఎగువన కన్నంబాడి కట్ట, అదే కృష్ణరాజసాగర్, మొదలుపెట్టడానికి అదీ ఒక కారణం. కట్ట లేస్తుంటే దిగువనున్న మద్రాసువాళ్లు ఊరుకుంటారా? 1924 ఒప్పందం దాకా పోయింది. అక్కడితో తెగిందా? 2016లో కావేరి గలాటాకి బస్సులాగిపోయి నువ్వు మా ఇంట్లోనే ఉండిపోయావు, గుర్తుందా, అవ్వ మూడు పూటలా ఉగ్గాణి పెట్టింది. నీ మాంత్రికుడి గడప దగ్గరికి కూడా ఒకరోజు అటువైపు మనిషొచ్చి ‘మా వాటా ఏదీ’ అని నిలబడాలి.

‘ఎవరి వాటా కాదు తాతా, శూన్యంలోంచే తీస్తాడు’ అంటావని తెలుసు. టాటా ఇన్‌స్టిట్యూట్ నుంచి, అదే బెంగుళూరు సైన్సు ఇన్‌స్టిట్యూట్ నుంచి, గాలి లాగేసే వాక్యూమ్ పంపు మోటారు తెచ్చే సారొకాయన తీగచుట్టకి పూసిన వార్నిష్ ఆరేదాకా మా బల్ల మీదే కూర్చుని కబుర్లు చెప్పేవాడు. 1948లో కాసిమిర్ అనే డచ్చాయన లెక్కగట్టాడట. శూన్యంలో రెండు లోహపు పలకల్ని వెంట్రుక మందంలో వందోవంతు సందు వదిలి పెడితే, కరెంటు ఇవ్వకపోయినా దగ్గరికి జరుగుతాయట. 1997లో అమెరికాలో గట్టిగా కొలిచి చూశారు కూడా. ‘అయితే మోటారు తిప్పేద్దాం సార్’ అన్నాను. ఆయన టీలోకి తెచ్చుకున్న రెండు బిస్కెట్లు అంటించి చూపించాడు. ‘ఒకసారి అంటుకున్నాయి, బలం వచ్చింది, సరే. రెండోసారి కావాలంటే విడదీయాలిగా, వచ్చిందంతా దానికే సరి’ అన్నాడు. నీ సందు మిషనులో ఆ విడదీసే చాకిరీ ఎవరిది? మాంత్రికుడి ఆయుష్షు తరిగిపోతుందని మాత్రం రాయకు, అది అందరూ రాసేశారు.

నవ్వకు, నేనూ ఆ పిచ్చిలో పడ్డవాణ్ణే. పెళ్లయిన కొత్తలో మీ అవ్వ గొలుసు కుదువబెట్టి ఆల్టర్నేటరు కొన్నాను, తిప్పితే కరెంటు పుట్టించేది. మోటారు దాన్ని తిప్పాలి, అది మోటారుకి కరెంటివ్వాలి, కలకాలం నడవాలి! ఒక హెచ్.పి., అంటే హార్స్‌పవర్, 746 వాట్లు. అంత పని చేసిపెట్టడానికి నా మోటారు వెయ్యి దాకా మింగేది, మిగతాది ఒట్టి వేడి. లైను పీకగానే గుయ్యిమని మూలిగి నాలుగు చుట్లు తిరిగి ఆగింది. గొలుసు మాట మా ఇంట్లో ఇప్పటికీ పండగ పూటే వస్తుంది.

ఆ వేడిని నీ కథలోకి తెచ్చుకో. మిషను గది చల్లగా, పొగమంచుగా ఉందన్నావు, ఉండదు. కుర్రాడు చొక్కా విప్పేసి ఉంటాడు. చెడిపోయేటప్పుడు నడిమి మణి పగిలిందన్నావు. మణులు పగలవమ్మా, బేరింగులు పోతాయి. ముందు శబ్దం మారుతుంది, తరువాత కాలిన వార్నిష్ వాసన, పొగ చివర్న. మాంత్రికుడికి ఏమీ తెలియకముందే నూనె కుర్రాడికి తెలిసిపోతుంది.

ఆపే మీట మాత్రం నాకెక్కడా కనబడలేదు. మర్చిపోయావా, కావాలనే పెట్టలేదా? కావాలనే అయితే ఏమీ మార్చకు.

శనివారం సాయంత్రం రా. కాలిన స్టేటరొకటి, మోటారులో తిరగకుండా ఉండే తీగచుట్టల భాగం, విప్పకుండా ఉంచాను, వాసన చూద్దువుగాని. పాత బట్టలేసుకుని రా, మసి వదలదు.

మీ తాత