బాలి తీర్థ ఎంపుల్‌లో మనలాంటివాళ్ళు స్నానం చెయ్యొచ్చా? అమ్మతో వెళ్ళొచ్చిన అనుభవం

మీ ప్రశ్న మా అమ్మకి చదివి వినిపించాకే ఇది రాస్తున్నాను, ఎందుకంటే ఇందులో సగం జవాబు ఆవిడదే. మీరు విజయనగరం నుంచి మీవారితో, అత్తగారితో బాలి వెళ్తున్నారు. తీర్థ ఎంపుల్ గుళ్ళో ఆ ధారల కింద స్నానం చెయ్యాలని అత్తగారి కోరిక. బయటివాళ్ళని చెయ్యనిస్తారా, మనం హిందువులమే కాబట్టి మనకి వేరే పద్ధతి ఉంటుందా, టూరిస్టులం తమాషా చేసినట్టు అవుతుందా అని మీ టెన్షన్.

చెయ్యనిస్తారు. ఎవరినైనా చెయ్యనిస్తారు. హిందువులమని చెప్తే సంతోషంగా నవ్వుతారు గానీ మనకంటూ వేరే లైనేమీ ఉండదు. అందరికీ ఒకటే బట్ట, ఒకటే వరస. దాన్ని వాళ్ళు మెలుకాత్ అంటారు, అంటే నీళ్ళతో శుద్ధి చేసుకోవడం. ఊరి పేరు తంపక్‌సిరింగ్, ఉబుద్ నుంచి కారులో అరగంట.

మాది శ్రీకాకుళం. అమ్మకి అరవై ఏడేళ్ళు. రథసప్తమికి ఏడు జిల్లేడాకులు, రేగిపళ్ళు నెత్తిన పెట్టుకుని స్నానం చెయ్యడం, మాఘమాసం ఆదివారాల్లో అరసవల్లి పుష్కరిణి గట్టున పిడకల మీద పరమాన్నం వండటం, శివరాత్రి వెళ్ళాక శ్రీముఖలింగం చక్రతీర్థానికి వంశధారలో మునగడం, ఇవన్నీ ఆవిడకి క్యాలెండరు చూడకుండా తెలుస్తాయి. బాలి అంటే మాత్రం మొదట్లో అస్సలు ఇష్టం లేదు. "సముద్రం సూడ్డానికి అంత దూరమేటిరా, కళింగపట్నం లేదేటి?" అంది. టికెట్లకి డబ్బు కట్టేశాం, ఆవిడేమో కదలనంటోంది.

చివరికి నేను ఆ గుడి కథ చెప్తే కదిలింది. మయదానవుడనే రాజు (వాళ్ళు మాయదెనావ అంటారు) దేవుళ్ళని పూజించొద్దని శాసించాడట. ఇంద్రుడు సేనతో దండెత్తి వచ్చాడు. రాత్రి అందరూ నిద్రపోతుంటే వీడు పాదాలు అడ్డంగా తిప్పి, అడుగుల గుర్తు పడకుండా పక్క అంచుల మీద నడిచి వచ్చి నీళ్ళలో విషం కలిపాడు. తంపక్‌సిరింగ్ అనే పేరు ఆ ఏటవాలు అడుగుల వల్లే వచ్చిందంటారు. తాగిన సేన పడిపోయింది. అప్పుడు ఇంద్రుడు నేలని పొడిస్తే ఊట పైకి తన్నుకొచ్చింది, ఆ నీళ్ళతో సేన మళ్ళీ లేచింది. ఆ ఊటే తీర్థ ఎంపుల్.

అమ్మ వెంటనే అందుకుంది. "మన ఇంద్రుడే కదా?" అరసవల్లి కథ మీకూ తెలిసే ఉంటుంది. ఇంద్రుడు కోటేశ్వరుణ్ణి, అంటే శివుణ్ణి, వేళ కాని వేళ చూడబోతే ద్వారం దగ్గర నంది ఒక్క తన్ను తన్నాడు, వచ్చి అరసవల్లిలో పడ్డాడు, కలలో సూర్యుడు చెప్పినట్టు వజ్రాయుధంతో తవ్వితే విగ్రహం దొరికింది, తవ్విన గొయ్యి ఇంద్ర పుష్కరిణి అయింది. అక్కడా ఇంద్రుడు నేల పొడవడమే, ఇక్కడా అదే. ఆ రాత్రే బ్యాగులో పసుపు, కుంకుమ, రెండు పంచెలు సర్దేసింది.

గుడి క్రీ.శ. 962 నాటిది, వర్మదేవ వంశం కాలంలో కట్టారు. పక్క గుట్ట మీద కనిపించే భవనం ఇండోనేషియా మొదటి అధ్యక్షుడు సుకర్ణో కట్టించుకున్న విడిది. ఈ రెండు ముక్కలూ మీ గైడు చెప్తాడు, వినేసి ముందుకి వెళ్ళిపోండి. నీళ్ళలోకి దిగడానికి ముందు తెలిసి ఉండాల్సినవి వేరే ఉన్నాయి.

టికెట్ మనిషికి 75 వేల రూపాయా, అంటే వాళ్ళ డబ్బు. కౌంటర్లో ఆ అంకె వినగానే అమ్మ నా చెయ్యి పట్టేసుకుంది. మన డబ్బుల్లో 400 దగ్గర అని చెప్పి ఊపిరి పీల్చుకోనిచ్చాను. లోపలికి వెళ్ళడానికి నడుముకి సారోంగ్ కట్టుకోవాలి, అంటే మన లుంగీ లాంటిదే, దాని మీద ఒక గుడ్డ దట్టీ. స్నానానికి మాత్రం విడిగా ఇంకో సారోంగ్ ఇస్తారు, ఆకుపచ్చది, అద్దెకి. లాకరు కూడా అద్దెదే. పొడి బట్టలు, తువ్వాలు ఇంటి దగ్గర్నుంచే తీసుకెళ్ళండి. అత్తగారు చీరతో దిగుతానంటారు, మా అమ్మా అలాగే అంది, అక్కడ కుదరదు. పంచె కట్టు తెలిసిన మనిషికి సారోంగ్ కట్టుకోవడం ఎంతసేపు? అద్దె ఇచ్చే అమ్మాయికి అమ్మే ముడి ఎలా వెయ్యాలో చూపించింది.

దిగేముందు పూజ. చానంగ్ సారీ అని లేత కొబ్బరాకుతో అల్లిన చదరపు దొప్ప అమ్ముతారు. అందులో పూలు రంగులవారీగా నాలుగు దిక్కులకి పెడతారు, తూర్పుకి తెలుపు, దక్షిణానికి ఎరుపు, పడమరకి పసుపు. మధ్యలో ఒక అగరొత్తి. అమ్మ దాన్ని అటూ ఇటూ తిప్పి చూసి, కార్తీకంలో నాగావళిలో దీపం వదిలే అరటి దొప్పని గుర్తు చేసుకుంది. పూజాస్థలం దగ్గర కూర్చుని దొప్ప పెట్టి, ఎందుకొచ్చామో మనసులో అనుకుని దణ్ణం పెట్టాలి. ఒక్క నిమిషం ఆగడమే, మంత్రాలు రాకపోయినా ఫర్వాలేదు. ఆ నిమిషం వదిలేసి నేరుగా నీళ్ళలోకి దూకే టూరిస్టులని చాలామందిని చూశాను. వాళ్ళని ఎవరూ ఏమీ అనరు. అనకపోవడం వాళ్ళ మర్యాద.

నీళ్ళు నడుము దాకా. చల్లగా కాదు, జివ్వుమనేలా ఉంటాయి. గోడ పొడుగునా రాతి తూముల్లోంచి ధారలు పడుతుంటాయి, తూముల పైన గట్టు నిండా వాడిన పూలదొప్పలు, సగం కాలిన అగరొత్తులు. ఎడమ చివర మొదలుపెట్టి ఒక్కో ధార దగ్గర ఆగుతూ కుడివైపుకి జరుగుతారు. చేతులు జోడించి, ముఖం మూడుసార్లు కడుక్కుని, నోరు పుక్కిలించి, తల ధార కింద పెడతారు. "ఆచమనమే కదా" అని అమ్మ తేల్చేసింది. పుక్కిలించి ఊసెయ్యమని చెప్పండి, ఆ నీళ్ళు మింగొద్దు, వందలమంది దిగిన కొలను. ఆవిడ ప్రతి ధార కిందా "గంగేచ యమునేచ" అనుకుంటూ, చివర్లో సొంతంగా నాగావళిని, వంశధారని కూడా కలిపేసుకుంది. ముందు నిలబడ్డ బాలి ముసలావిడ వెనక్కి తిరిగి, అర్థమైనట్టే తలాడించింది.

ఇప్పుడు నేను చేసిన ఘనకార్యం. మొదటి కొలనులో చివరి వైపు రెండు ధారలు బతికున్నవాళ్ళకి కాదు, చనిపోయినవాళ్ళ కర్మకాండలకి. పదకొండు, పన్నెండు అని చెప్తారు. ఈ మాట మాకు డ్రైవరు ముందే చెప్పాడు, నేను వినలేదు. పది ధారలకి నలభై నిమిషాలు లైన్లో నిలబడి వణికిపోతున్నవాణ్ణి, పక్కన ఎవరూ లేని ధార కనిపించేసరికి అదృష్టం అనుకుని వెళ్ళి తల పెట్టేశాను. వెనక నుంచి ఒకాయన "నో నో నో" అంటూ వచ్చి నా భుజం పట్టి లాగాడు. కళ్ళలో నీళ్ళు, చెవుల్లో నీళ్ళు, ఏమంటున్నాడో తెలీదు. లైను మొత్తం నన్నే చూస్తోంది.

ఆయన వేలు పైకెత్తి ఆకాశం చూపించి కళ్ళు మూసుకున్నాడు. అమ్మకి ముందు అర్థమైంది. "ఒలమ్మో, అది పోయినోల్ల ధారట్రా! శ్రీకూర్మం శ్వేత పుష్కరిణిలో అస్తికలు కలిపినట్టు. ఏట్రా అలగ దూరిపోనావు?" ఆయన మాత్రం నవ్వేసి, ఏం ఫర్వాలేదు, దణ్ణం పెట్టి పక్క ధారకి వెళ్ళమన్నాడు. ఆయనకి ఫర్వాలేదు గానీ మా అమ్మకి ఫర్వాలేదా? నన్ను గట్టెక్కించి, మళ్ళీ మొదటి ధార దగ్గర్నుంచి నిలబెట్టింది. ఇంకో నలభై నిమిషాలు. మా ఆవిడ అప్పటికే బట్టలు మార్చుకుని కోయి చేపల చెరువు దగ్గర కూర్చుని నవ్వుతోంది.

స్నానం అయ్యాక పొడి బట్టలు కట్టుకుని లోపలి ప్రాకారంలోకి వెళ్ళాం. ఊట పుట్టే చోటు అక్కడే. కొలను అడుగున నల్ల ఇసుక బుడబుడమంటూ పైకి లేస్తుంటుంది, అన్నం ఉడుకుతున్నట్టు. బయట మనం మునిగిన నీళ్ళన్నీ అక్కడివే. అందులో ఎవరూ దిగరు. ప్రార్థనకి కూర్చున్నవాళ్ళ మీద పెమాంగ్కు, అంటే వాళ్ళ పూజారి, తీర్థం చల్లి చేతిలో పోస్తాడు, తడి బియ్యం గింజలు నుదుట అంటించుకోమని ఇస్తాడు. అక్షతలు నెత్తి మీద వేసుకోవడం మనకి అలవాటు, వాళ్ళు నుదుటి మీద, కంఠం దగ్గర అతికించుకుంటారు. అమ్మ నుదుటి గింజలు సాయంత్రం హోటల్లో అన్నం తినేదాకా రాలలేదు. అదే సాయంత్రం మైకులో "ఓం భూర్భువస్స్వః" వినిపించింది. వాళ్ళ త్రిసంధ్య అది, రోజుకి మూడుసార్లు వేస్తారు. చెంచా కింద పెట్టేసి విన్నది.

ఫొటోల సంగతి. తియ్యొచ్చు, అడ్డు చెప్పరు. కానీ ఒక అమ్మాయి ఒకే ధార కింద జుట్టు విసురుతూ ఎన్ని టేకులు తీసుకుందో, వెనక పూలదొప్ప తడిసిపోకుండా నెత్తి మీద పెట్టుకుని ఒక కుటుంబం ఎంతసేపు నిలబడిందో నేను చూశాను. మనవాళ్ళూ తక్కువ తినలేదు, నీళ్ళలో కేకలు వినబడితే తెలుగే. ఒడ్డున ఉన్నవాళ్ళ చేతికి ఫోను ఇచ్చి ఒకటో రెండో దూరం నుంచి తీయించుకుంటే చాలు. ఫోను పట్టుకుని నీళ్ళలోకి దిగొద్దు.

ఆడవాళ్ళ విషయం అడగడానికి మొహమాటపడ్డట్టున్నారు, నేనే చెప్పేస్తాను. నెలసరిలో ఉన్నవాళ్ళు రాకూడదని బోర్డు ఉంటుంది. ఎవరూ నిలదీసి అడగరు. అడగరు కదా అని వెళ్ళిపోవడం నాకు సరిగ్గా అనిపించదు, వాళ్ళ గుడి, వాళ్ళ నియమం. చావు మైల పట్టింపు వాళ్ళకీ ఉంది. రెండు మూడు తేదీలు చేతిలో ఉంచుకుని ప్లాన్ చేసుకుంటే ఇబ్బంది ఉండదు. పౌర్ణమి రోజు స్థానికులు ఎక్కువగా వస్తారు, చూడ్డానికి బాగుంటుంది గానీ మోకాళ్ళ నొప్పులున్న అత్తగారికి ఆ లైను వద్దు. మామూలు రోజు పొద్దున్నే, టూరిస్టు బస్సులు రాకముందే వెళ్ళండి. మెట్లు పాకుడు పట్టి జారతాయి, ఆవిడకి ఒకరు ముందు, ఒకరు వెనక ఉండాలి.

ఇంకొకటి, మార్చి-ఏప్రిల్‌లో వెళ్తుంటే నేపీ ఎప్పుడో చూసుకోండి. అది వాళ్ళ శక సంవత్సరాది, మన ఉగాదికి అటూ ఇటుగా వస్తుంది, 2023లో రెండూ మార్చి 22నే పడ్డాయి. ఆ రోజు ఎయిర్‌పోర్టు కూడా మూసేస్తారు, హోటల్లోంచి కాలు బయట పెట్టనివ్వరు. దానికి కొద్ది రోజుల ముందు మెలస్తి అని దేవుళ్ళని ఊరేగింపుగా సముద్రానికి తీసుకెళ్తారు. చక్రతీర్థానికి స్వామి వంశధారకి వెళ్ళడం చూసినవాళ్ళకి అది విడమరిచి చెప్పక్కర్లేదు.

అత్తగారికి దిగే ఓపిక లేకపోతే బలవంతం చెయ్యకండి, పూజారి చల్లే తీర్థంతో సరిపెట్టుకోవచ్చు. అంతగా మునగాలని ఉంటే మీ జిల్లాలోనే వంగర మండలం సంగాంలో నాగావళి, సువర్ణముఖి, వేగవతి కలుస్తాయి, సంగమేశ్వరుడు ఉన్నాడు, వీసా అక్కర్లేదు. ఈ మాట కూడా మా అమ్మదే, నాది కాదు. ఇంకో మాట కూడా రాయమంది: ఎవరూ లేని ధార కనబడితే సంబరపడొద్దని మీవారికి గట్టిగా చెప్పమంది.