నాన్‌కంప్లయన్స్ అన్న మాట మీ పేరు పక్కన కనిపిస్తే

అమెరికాకు కొత్తగా వచ్చినవారు నన్ను తరచుగా అడిగే సందేహం ఒకటుంది: "నాన్‌కంప్లయన్స్ అని ఉత్తరం వచ్చిందండీ, ఇది కేసవుతుందా?" నిఘంటువు తెరిస్తే అవిధేయత, ఉల్లంఘన వంటి అర్థాలు కనిపిస్తాయి కనుక గుండె జారిపోవడం సహజమే. అయితే ఆ మాట చెప్పేది అంతకంటే చాలా తక్కువ. చేయవలసిన ఫలానా పని జరగలేదని మాత్రమే దాని అర్థం. ఎందుకు జరగలేదో, తెలియక మానేశారో కావాలని మానేశారో అందులో ఉండదు. ఆ కారణం చెప్పవలసింది మీరే. మీరు చెప్పకపోతే అవతలివారు తమకు తోచినది అనుకుంటారు.

ఇది నాకు డాక్టరు దగ్గర బోధపడింది. బీపీకి ఇచ్చిన లిసినోప్రిల్ మాత్ర మొదలుపెట్టిన కొన్ని వారాలకు పొడిదగ్గు పట్టుకుని రాత్రిళ్లు నిద్ర లేకుండా చేసింది. ఆ తరహా మందులతో కొందరికి పొడిదగ్గు వస్తుందని అప్పటికి నాకు తెలియదు. మాత్ర మానితే దగ్గు తగ్గుతోందని గమనించి, ఎవరికీ చెప్పకుండా మానేశాను. తరువాత వెళ్లినప్పుడు, రోజూ వేసుకుంటున్నారా అని నర్సు అడిగితే "అప్పుడప్పుడు" అన్నాను. డాక్టరు చెప్పినదానికల్లా తలూపి ఇంటికి వచ్చాను. ఆ సాయంత్రం క్లినిక్ వారి ఆన్‌లైన్ పోర్టల్‌లో డాక్టరు రాసిన నోట్ తెరిస్తే, మందుల విషయంలో పేషెంటు నాన్‌కంప్లయంట్ అని రాసి ఉంది. ముందు కోపం వచ్చింది, ఆ తరువాత సిగ్గేసింది. మర్నాడు దగ్గు సంగతి నాలుగు వాక్యాల్లో రాసి పంపితే, డాక్టరు లోసార్టన్‌కు మార్చారు.

మందులు సరిగా వాడనివారు అరుదేమీ కాదు. దీర్ఘకాలిక వ్యాధులున్నవారిలో, సంపన్న దేశాల్లో కూడా, చికిత్సను సరిగా పాటించేవారు సగటున 50 శాతమేనని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2003 నివేదికలో పేర్కొంది. అందుకే చాలామంది వైద్యులు ఇప్పుడు నాన్‌కంప్లయన్స్‌కు బదులు నాన్‌అడ్హెరెన్స్ అంటున్నారు. చికిత్స అనేది డాక్టరు ఆజ్ఞ కాదనీ, పేషెంటు కూడా ఒప్పుకుని చేసుకునే నిర్ణయమనీ ఆ మార్పులోని ఉద్దేశం. ఖర్చు భరించలేకపోయినా, మందు పడకపోయినా, భయం వేసినా ఆ సంగతి అక్కడే చెప్పండి. రికార్డులో తప్పు రాశారనుకుంటే సవరించమని రాతపూర్వకంగా అడిగే హక్కు, వైద్య రికార్డుల గోప్యతను కాపాడే హిపా చట్టం కింద మీకుంది. వారు నిరాకరిస్తే మీ అభ్యంతరాన్ని రికార్డుకు జత చేయించుకోవచ్చు.

చట్టం విషయానికి వస్తే, కావాలని చేశారా లేదా అన్నదే శిక్షను నిర్ణయించే సందర్భాలు చాలా ఉన్నాయి. ఇల్లు మారిన 10 రోజుల్లోగా ఇమిగ్రేషన్ శాఖకు కొత్త చిరునామా తెలియజేయాలన్న నియమం గ్రీన్‌కార్డు ఉన్నవారికి కూడా వర్తిస్తుందని చాలామందికి తెలియదు. అలాగే, దేశం వెలుపలి ఖాతాలన్నిటిలో కలిపి ఏడాదిలో ఏ ఒక్కరోజైనా 10,000 డాలర్లు దాటితే, అమెరికా పన్నుల చట్టం ప్రకారం రెసిడెంట్ అయినవారు ఎఫ్‌బార్ అనే విదేశీ ఖాతాల నివేదిక దాఖలు చేయాలి; తల్లిదండ్రులతో కలిసి ఉన్న జాయింట్ ఖాతా కూడా లెక్కలోకి వస్తుంది. తెలియక మానేసినవారికీ దాచినవారికీ జరిమానాలు వేరు వేరు. తెలియక చేసిన తప్పుకు జరిమానా ఖాతాల లెక్కన కాక, దాఖలు చేయని నివేదికల లెక్కన వేయాలని సుప్రీంకోర్టు 2023లో బిట్నర్ కేసులో తేల్చింది. కానీ నియమం తెలిసిన తరువాత కూడా ఊరుకుంటే, తెలియదన్న వాదన మీకు మిగలదు.

ఆఫీసులో ఈ మాట ఎక్కువగా గడువు దాటిన ట్రైనింగు గురించో, సమర్పించని టైంషీటు గురించో వస్తుంది. పై అధికారి స్పష్టంగా చెప్పిన పనిని చేయనని నిరాకరించడాన్ని ఇన్‌సబార్డినేషన్ అంటారు. అది వేరు, అంతకంటే తీవ్రమైనది. మేనేజరు పంపిన మెయిల్లో ఈ రెండింటిలో ఏది ఉందో చూసుకున్నాకే జవాబు రాయండి. అపార్ట్‌మెంటు వారి నోటీసు సాధారణంగా ఇంకా తేలిక: లీజులోని ఏ షరతు తప్పిందో, ఎన్ని రోజుల్లో సరిదిద్దాలో అందులోనే ఉంటుంది; సరిదిద్ది, ఫోటో తీసి పంపితే చాలావరకు అక్కడితో ముగుస్తుంది.

జవాబులో క్షమాపణల కన్నా వివరాలు ముఖ్యం. నోటీసు అందిన తేదీ, పని ఎందుకు ఆగిందో ఒక్క వాక్యం, ఇప్పటికి పూర్తయినది, మిగిలినది ఏ తేదీకి పూర్తవుతుందో రాసి, ఒక ప్రతి మీ దగ్గర ఉంచుకోండి. ఫోన్లో మాట్లాడినా, మాట్లాడిన సంగతులు అదే రోజు మెయిల్లో పెట్టండి. అయితే నోటీసు కోర్టు నుంచి గానీ, ఇమిగ్రేషన్, పన్నుల శాఖల నుంచి గానీ వచ్చినప్పుడు మాత్రం, మీరు రాసే ప్రతి మాటా సాక్ష్యంగా నిలుస్తుంది కనుక, గడువు తేదీ చూసుకుని ముందు లాయరును కలవండి.