విన్నాయనే ఆర్డర్ రాస్తాడా? అది చూసుకోండి ముందు

"మ్యుటేషన్ (భూమి రికార్డులో పేరు మార్పు) మీద ఆర్డీవో దగ్గర అప్పీలు వేశాను, లాయరు లేకుండా వెళ్తే నా మాట వింటారా?" అని అడిగారు. వింటారు. ఎవరు వింటారన్నదే తేలదు.

మాది ఆంధ్రాలో ఒక పల్లెటూరు. నాన్నకి రావాల్సిన వాటా కూడా కలిపి సర్వే నంబరు మొత్తం మా పెదనాన్న కొడుకుల పేరు మీదకి ఎక్కించేశారు. మాకు నోటీసన్నదే రాలేదు. పట్టాదారు పాస్‌బుక్కుల చట్టం సెక్షన్ 5(5) కింద ఆర్డీవోకి 60 రోజుల్లోపు అప్పీలు వేశాం.

వాయిదా రోజు వెళ్తే సార్ లేరు. మంత్రిగారి పర్యటన, ప్రోటోకాల్ డ్యూటీ. (ఈ పర్యటనలు ఎప్పుడూ వాయిదాల రోజే ఎందుకు పడతాయో!) మధ్యాహ్నం దాటాక సూపరింటెండెంట్ లోపలికి పిలిచి "నాకు చెప్పండి, నోట్ చేసుకుంటా" అన్నాడు. నాన్న కవరు విప్పి పాత శిస్తు రసీదులు ఒక్కొక్కటే బల్ల మీద పరిచాడు. ఆయన ఫోన్లో ఎవరికో పెళ్లి భోజనాల సంగతి చెబుతూనే తలూపాడు. నోట్ చేసుకోవడం మాట దేవుడెరుగు, కనీసం పెన్ను మూత కూడా తియ్యలేదు. చివర్లో ఆర్డర్ షీట్ (ఏ వాయిదాకి ఏం జరిగిందో రాసే కాగితం) మీద సంతకం పెట్టించుకుని పంపేశాడు.

ఈలోగా ఆర్డీవోకి బదిలీ అయింది. కొత్తాయన సంతకంతో ఆర్డర్ వచ్చింది: "ఇరుపక్షాల వాదనలు విని, రికార్డులు పరిశీలించి" అప్పీలు కొట్టేశామని. "ఈయన మొహం నేనెప్పుడూ చూళ్లేదు కదరా" అన్నాడు నాన్న. పైగా ఆ ఆర్డరంతా తాసిల్దారు పంపిన రిపోర్టు మీదే నడిచింది. దాన్ని మాకు చూపించనే లేదు.

ఇది చిన్న లోపం కాదు. ఆర్టీసీ కొత్తగా పుట్టిన రోజుల్లో కృష్ణా జిల్లా బస్సు రూట్లు తీసుకోబోతే ప్రైవేటు బస్సుల యజమానులు సుప్రీంకోర్టుకి వెళ్లారు. గుళ్లపల్లి నాగేశ్వరరావు కేసంటారు. అభ్యంతరాలు విన్నది కార్యదర్శి, నిర్ణయం ముఖ్యమంత్రిది. ఒకరు విని ఇంకొకరు తీర్పిస్తే ఆ విచారణ ఉత్త లాంఛనమేనని కోర్టు కొట్టేసింది. ఆ తీర్పు రాసింది మన తెలుగు జడ్జి కోకా సుబ్బారావుగారే. మళ్లీ జరిగిన విచారణని ముఖ్యమంత్రి తానే కూర్చుని విన్నారు. ముఖ్యమంత్రికే తప్పనిది ఆర్డీవోకి తప్పుతుందా?

ఆర్డీవో ఆర్డర్ మీద రివిజన్ (పై అధికారి చేసే పునఃపరిశీలన) వేసి, జాయింట్ కలెక్టర్ ముందు ఈ ముక్కే పట్టుకున్నాం. మళ్లీ విచారించమని వెనక్కి పంపారు. మా రసీదులు మంచివా కాదా అన్న జోలికే పోలేదు, అది నాకు ఇప్పటికీ మంటే. తెలంగాణ వాళ్ల సంగతి ఇంకా ఘోరం. 2020 చట్టంతో అక్కడ ఈ అప్పీలే లేకుండా చేశారు, 2025లో భూభారతి అనే కొత్త చట్టం వచ్చాక గానీ మళ్లీ దక్కలేదు.

లాయరు సంగతి మీ ఇష్టం. మా మటుకు ఫీజెక్కువ, వాయిదాకి జూనియర్ వచ్చేవాడు. మీ వాదన కాగితం మీద రాసి ఆ ఆఫీసులోనే కాగితాలు తీసుకునే తపాలా సెక్షన్‌లో ఇచ్చి, రెండో కాపీ మీద తేదీతో ముద్ర వేయించుకోండి. తాసిల్దారు రిపోర్టు కాపీ కావాలని అందులోనే అడగండి. మధ్యలో అధికారి మారితే "నా వాదన మీరు మళ్లీ వినాలి" అని కొత్తాయనకి ఆర్డర్ రాకముందే అర్జీ పెట్టండి. సార్ కుర్చీలో లేని రోజు ఆర్డర్ షీట్ మీద సంతకం అడిగితే, సార్ లేరని పక్కన రాసి అప్పుడు పెట్టండి. గుమస్తా గొణుగుతాడు, గొణగనివ్వండి.