నాన్న మిలటరీలో ఉన్నారు, బ్యాంకు ఫారం 16 అడుగుతోంది

ప్రశ్న: మాది తాడేపల్లిగూడెం దగ్గర మాధవరం. ఇంటర్ పూర్తయ్యి బీటెక్‌లో చేరుతున్నాను. విద్యా రుణం కోసం బ్యాంకుకి వెళితే నాన్నగారి ఫారం 16లు రెండేళ్లవి, ఐటీ రిటర్నులు తెమ్మన్నారు. నాన్న ఆర్మీలో ఈఎంఈ (బండ్లు, యంత్రాలు బాగుచేసే విభాగం) హవల్దారు. ఇప్పుడు అస్సాంలో ఉన్నారు. ఫోన్లో అడిగితే ‘మాకు పే స్లిప్పే వస్తుందమ్మా, ఆ ఫారం సంగతి నాకు తెలీదు’ అంటున్నారు. ఊళ్లో ఒకాయన ‘సైనికులకు పన్నే ఉండదు, ఇక ఫారం ఎక్కడిది’ అన్నారు. ఫీజు కట్టడానికి మూడు వారాలే ఉంది, చాలా టెన్షన్‌గా ఉంది. ఏం చేయాలి?

జవాబు: అమ్మా, ముందు ఆ ఊరి పెద్దాయన మాట పక్కన పెట్టు. సైనికుల జీతానికి ఆదాయపు పన్ను ఉంటుంది. పరమవీర చక్ర, మహావీర చక్ర, వీర చక్ర లాంటి శౌర్య పురస్కారాలు పొందినవారి పింఛనుకు, గాయపడో జబ్బుపడో సర్వీసు నుంచి తప్పుకోవాల్సి వచ్చినవారి వైకల్య పింఛనుకు మినహాయింపు ఉంది. పాత పన్ను విధానంలో కొన్ని ఫీల్డ్ అలవెన్సులకు (కష్టమైన ప్రాంతాల్లో పనిచేసేవారికిచ్చే భత్యాలు) కూడా కొంతవరకు ఉంది. బహుశా ఆ మాటలే చేతులు మారి ‘సైనికులకు పన్ను లేదు’ అయ్యుంటాయి. మీ నాన్నగారి జీతంలోంచి పన్ను కోసి ఉంటే ఆ కోతకి ధ్రువపత్రంగా ఆయన పేరు మీద ఫారం 16 తయారై ఉంటుంది. దాన్ని తెప్పించుకోవడమే మన పని.

మీ నాన్నగారికి తెలియకపోవడంలో ఆయన తప్పేమీ లేదు. బయట ఉద్యోగం చేసేవాళ్లకి జూన్‌లో కంపెనీ హెచ్‌ఆర్ మెయిల్ పంపేస్తుంది. జవానుకి యూనిట్ ఒకచోట, జీతం లెక్క ఇంకోచోట. ఇది అర్థమైతే సగం చిక్కు విడిపోయినట్టే. ఆర్మీలో జవాన్లు, జేసీవోల (సుబేదారు లాంటి జూనియర్ కమిషన్డ్ ఆఫీసర్లు) జీతం లెక్క వాళ్లు పనిచేసే ఊరిని బట్టి ఉండదు, వాళ్ల రెజిమెంటు లేదా కోర్‌ను బట్టి ఉంటుంది. ఆ లెక్క చూసే ఆఫీసుని పే అకౌంట్స్ ఆఫీస్ అంటారు, యూనిట్‌లో అందరూ పీఏవో అంటారు. ఆర్టిలరీ వాళ్లది నాసిక్ రోడ్‌లో, సిగ్నల్స్ వాళ్లది జబల్పూర్‌లో, మద్రాస్ రెజిమెంటుది వెల్లింగ్టన్‌లో ఉంది. ఈఎంఈ వాళ్లది ఎక్కడో తెలుసా? సికింద్రాబాద్‌లో. మీ నాన్నగారు అస్సాంలో బండ్లు బాగుచేస్తున్నా, రేపు జమ్మూ వెళ్లినా ఆయన జీతం లెక్క నడిచేది సికింద్రాబాద్ నుంచే. పన్ను కోసేదీ, ఫారం 16 ఇచ్చేదీ ఆ ఆఫీసే.

అలాగని రేపు పొద్దున్నే రైలెక్కి సికింద్రాబాద్ వెళ్లిపోకు. కూతురు వెళ్లి అడిగితే ఇవ్వరు. అది ఆయన వ్యక్తిగత పత్రం, ఆయనే అడగాలి. ఆయన అడగడానికి రెండు దారులున్నాయి.

మొదటిది హమ్‌రాజ్ యాప్. జవాన్లు, జేసీవోల కోసం ఆర్మీ 2017లో తెచ్చింది. నెలనెలా పే స్లిప్ అందులోనే చూసుకుంటారు. మీ నాన్నగారు పే స్లిప్ వస్తుందన్నారంటే బహుశా ఆ యాప్ ఇప్పటికే ఆయన ఫోన్లో ఉండి ఉంటుంది. ఫారం 16 కూడా అక్కడే దొరుకుతుంది. చాలామంది పే స్లిప్ తెరిచి నెట్ పే అంకె చూసుకుని మూసేస్తారు, పక్కనున్నది ముట్టుకోరు. ఆదివారం ఫోన్ చేసినప్పుడు ‘నాన్నా, యాప్ తెరిచి ఫారం 16 అని ఎక్కడుందో చూడండి, ఏ సంవత్సరాలవి ఉన్నాయో చెప్పండి’ అని అడుగు. యాప్ లేకపోతే యూనిట్‌లో ఎవరినైనా అడిగి వేయించుకోమను. అదే పేరుతో నకిలీ యాప్‌లు కూడా తిరుగుతుంటాయి కాబట్టి వాట్సాప్‌లో వచ్చిన లింకు నుంచి మాత్రం వేసుకోవద్దని చెప్పు.

రెండోది యూనిట్ ఆఫీసు. అక్కడి క్లర్కుకి ఒక చిన్న దరఖాస్తు రాసిస్తే వాళ్లు పీఏవోకి పంపి తెప్పిస్తారు. ఇందులో జాప్యం ఎక్కువ. నీకు మూడు వారాలే ఉంది కాబట్టి యాప్‌లో దొరికినా దొరక్కపోయినా ఈ దరఖాస్తు సోమవారమే పెట్టించు. దాంట్లో ఆర్మీ నంబరు, ర్యాంకు, పేరు, పాన్, కావలసిన ఆర్థిక సంవత్సరాలు స్పష్టంగా ఉండాలి. ఉదాహరణకి 2023-24, 2024-25 అని రాయమను. ‘గత రెండేళ్లవి’ అని రాస్తే అసెస్‌మెంట్ ఇయర్ (ఆ ఆదాయానికి పన్ను లెక్కించే మరుసటి ఏడాది) అనుకుని వేరే ఏడాదిది పంపవచ్చు. 2024-25లో సంపాదించిన జీతానికి అసెస్‌మెంట్ ఇయర్ 2025-26. బ్యాంకు కౌంటర్లలో ఈ రెండింటినీ కలగాపులగం చేసి పిల్లల్ని రెండుసార్లు తిప్పినవాళ్లని చూశాను.

కాగితం చేతికొచ్చాక నువ్వే ఒకసారి చూడు. ఫారం 16కి రెండు భాగాలుంటాయి. పార్ట్ ఎ ఆదాయపు పన్ను శాఖ ట్రేసెస్ పోర్టల్ నుంచి వస్తుంది. దాంట్లో పన్ను కోసిన ఆఫీసు పేరు, దాని టాన్ నంబరు (పన్ను కోసే ఆఫీసుకుండే గుర్తింపు సంఖ్య), నాన్నగారి పాన్, ఏ మూడు నెలల్లో ఎంత కోసి ఎంత జమ చేశారో ఉంటాయి. పార్ట్ బిలో జీతం ఎంత, మినహాయింపులు ఎంత, చివరికి పన్ను ఎంత అన్నది ఉంటుంది. బ్యాంకుకి రెండూ కావాలి. నాలుగేళ్ల కిందట ఒక తల్లీకూతుళ్లు నా దగ్గరికొచ్చారు. తండ్రి సుబేదారు, కొండల్లో పోస్టింగ్, సిగ్నల్ రోజుకి అరగంట. ఆయన పంపింది ఫోన్ తెర ఫొటో, అదీ పార్ట్ బి మొదటి పేజీ ఒక్కటే. ఆ తల్లి దాన్ని పెద్దది చేసి చూస్తూ అంకెలన్నీ నోట్‌బుక్కులో రాసుకొచ్చింది. బ్యాంకు ఆ ఫైలు తిప్పి పంపింది. మళ్లీ ఆయనకి సిగ్నల్ దొరికి పూర్తి పీడీఎఫ్ పంపేసరికి పన్నెండు రోజులు పట్టింది. అందుకే చెబుతున్నా, ఫొటో వద్దు, పీడీఎఫ్ పంపమను.

ఇప్పుడు అసలు చిక్కు. ఫారం 16 అన్నది పన్ను కోసినందుకు ఇచ్చే ధ్రువపత్రం. పన్నే కోయకపోతే దాన్ని ఇవ్వాలన్న నిబంధన లేదు. 2024-25లో కొత్త పన్ను విధానం కింద జీతంలోంచి నేరుగా తీసేసే 75,000 స్టాండర్డ్ డిడక్షన్, 7 లక్షల ఆదాయం వరకు పన్ను మాఫీ చేసే రిబేటు కలిపితే 7.75 లక్షల దాకా జీతానికి పన్ను పడదు. 2023-24లో ఆ హద్దు 7.5 లక్షలు. మీ నాన్నగారి ఏడాది జీతం ఈ హద్దులకి అటూ ఇటూగా ఉండొచ్చు. అంటే ఒక ఏడాదికి ఫారం 16 దొరికి, ఇంకో ఏడాదికి దొరక్కపోవచ్చు. అలా అయితే కంగారుపడకు. ఆ ఏడాదికి దాఖలు చేసిన ఐటీ రిటర్ను, పన్నెండు నెలల పే స్లిప్పులు, యూనిట్ నుంచి శాలరీ సర్టిఫికెట్ తీసుకెళ్లి, పన్ను కోయలేదు కాబట్టి ఫారం 16 రాలేదని బ్యాంకు మేనేజరుకి రాతపూర్వకంగా చెప్పండి. నోటిమాటగా చెబితే ఫైల్లో ఉండదు.

పన్ను కోశారో లేదో ఇంట్లో కూర్చునే తెలుసుకోవచ్చు. నాన్నగారు ఇన్‌కమ్ ట్యాక్స్ ఈ-ఫైలింగ్ పోర్టల్‌లో తన పాన్‌తో లాగిన్ అయితే ఫారం 26ఏఎస్ కనిపిస్తుంది. దాంట్లో పన్ను కోసిన ఆఫీసు పేరు, టాన్, కోసిన మొత్తం వరసగా ఉంటాయి. అక్కడ పీఏవో పేరుంటే ఫారం 16 తప్పకుండా ఉంటుంది, ధైర్యంగా అడగొచ్చు. పే స్లిప్‌లో పన్ను కోసినట్టుండి 26ఏఎస్‌లో లేకపోతే పీఏవో దగ్గర ఆయన పాన్ తప్పుగా ఉందేమో చూడాలి. ఇది చిన్న విషయం కాదు. పాన్ ఇవ్వని ఉద్యోగికి, పన్ను పడే ఆదాయం ఉంటే కనీసం 20 శాతం కోయాలన్నది చట్టం. యూనిట్ ద్వారా వెంటనే సరిచేయించుకోమను.

రిటర్ను సంగతి. 2024-25 రిటర్నుకి గడువు 2025 జులై 31 నుంచి సెప్టెంబరు 15కి, చివరికి 16కి పొడిగించారు, అది దాటిపోయింది. ఏ ఏడాది రిటర్నైనా వేసేముందు పార్ట్ బిలో ఒకటి చూడాలి. కొత్త విధానమే ఇప్పుడు డిఫాల్ట్. పాతదే కావాలని నాన్నగారు చెప్పి ఉండకపోతే లెక్క కొత్తదాంట్లోనే కట్టి ఉంటారు. దాంట్లో ఫీల్డ్ అలవెన్సుల మినహాయింపు రాదు. 2024-25కి పాత విధానంలో ఫీల్డ్ ఏరియా అలవెన్సుకి నెలకి 2,600, హైలీ యాక్టివ్ ఫీల్డ్ ఏరియాకి 4,200, కౌంటర్ ఇన్‌సర్జెన్సీ అలవెన్సుకి 3,900 రూపాయల వరకు మినహాయింపు ఉంది. నెలకి 2,600 అంటే ఏడాదంతా ఫీల్డ్‌లో ఉన్నవాళ్లకి 31,200. దానికి ఏఎఫ్‌పీపీ ఫండ్‌లో (సైనికుల ప్రావిడెంట్ ఫండ్) వేసిన డబ్బు 80సీ సెక్షన్ మినహాయింపు కింద కలుస్తుంది. గడువులోపు రిటర్ను వేసేటప్పుడు ఏ విధానమైనా ఎంచుకోవచ్చు. రెండూ లెక్కకట్టి చూసుకున్నాకే వేయమను.

ఏఎఫ్‌పీపీ మాట వచ్చింది కాబట్టి బ్యాంకులో నువ్వు చెప్పాల్సింది ఒకటుంది. జవాన్ల పే స్లిప్‌లో కోతలు ఎక్కువగా కనిపిస్తాయి, చేతికొచ్చే జీతం తక్కువగా కనిపిస్తుంది. రుణ ఆఫీసరు ఆ కోతలన్నీ అప్పుల వాయిదాలనుకుంటే నీకు మంజూరయ్యే మొత్తం తగ్గొచ్చు. ఏఎఫ్‌పీపీ అన్నది ప్రావిడెంట్ ఫండ్, అంటే ఆయన సొంత పొదుపు, పైగా చాలామంది తప్పనిసరి కంటే ఎక్కువే వేస్తారు. పే స్లిప్ మీద ఆ వరసకి గీత గీసి, ‘ఇది పొదుపు సార్’ అని చూపించు. నిజమైన లోన్ ఉంటే దాన్ని మాత్రం దాచొద్దు.

ఇంకో జాగ్రత్త. ఆర్మీ నంబరు, యూనిట్ పేరు ఉన్న కాగితాలు క్లాస్ వాట్సాప్ గ్రూపుల్లో, జిరాక్స్ షాపు కంప్యూటర్లో వదిలేయకూడదు. బ్యాంకుకిచ్చే ప్రతి పేజీ మీద అడ్డంగా ‘విద్యా రుణం కోసం మాత్రమే’ అని రాసి తేదీ వేయి. హమ్‌రాజ్ పాస్‌వర్డ్, పోర్టల్ ఓటీపీ నాన్నగారు నీకు కూడా పంపక్కర్లేదు. ఆయనే దించి పంపితే చాలు.

ఈ కాలమ్ చదివే మిగతా సర్వీసు కుటుంబాల కోసం రెండు మాటలు. ఆర్మీ అధికారుల జీతం లెక్క పుణెలోని పీసీడీఏవో చూస్తుంది. నేవీ వాళ్లకి ముంబయిలోని నేవల్ పే ఆఫీస్, ఎయిర్‌ఫోర్స్ వాళ్లకి ఢిల్లీ సుబ్రొతో పార్క్‌లోని ఏఎఫ్‌సీఏవో. రిటైరైనవాళ్లు తమ ఫారం 16ని రక్షణ శాఖ పింఛన్లు చూసే స్పర్శ్ పోర్టల్‌లోంచి తీసుకోవాలి. ఏడాది మధ్యలో రిటైరైతే జీతానిది ఒకటి, పింఛనుది ఒకటి, రెండు ఫారాలు కావాల్సి వస్తుంది. చాలామంది రెండోది మర్చిపోతారు.

నీ విషయంలో మిగిలింది ఒక్కటే. బ్యాంకులో పీఎం విద్యాలక్ష్మి పథకం గురించి అడుగు. కుటుంబ ఆదాయం ఏడాదికి 8 లక్షల లోపుంటే, నీ కాలేజీ ఆ పథకం జాబితాలో ఉంటే, 10 లక్షల వరకు రుణం మీద చదువుకునే కాలంలో, ఆపైన మారటోరియంలో (వాయిదాలు మొదలయ్యేలోపు గడువు) 3 శాతం వడ్డీ రాయితీ వస్తుంది. దానికి ఫారం 16 సరిపోదు, రెవెన్యూ వాళ్లిచ్చే ఆదాయ ధ్రువపత్రం కావాలి. అది మీ మండలంలో అమ్మ వెళ్లి పెట్టుకోగలిగేదే. అందుకని నాన్నగారి కాగితం వచ్చేదాకా ఆగకుండా రేపే గ్రామ సచివాలయంలో అర్జీ పెట్టించు.