భూమికి భూమి ఇచ్చినా పోలవరం నిర్వాసిత గిరిజనుల జీవనోపాధి ఎందుకు కుదుటపడదు?

ముంపు గ్రామాల్లోని కొండరెడ్లు, కోయలు పట్టా భూమి ఒక్కదానిమీదే ఆధారపడి బతకలేదు. పోడు, వెదురు, చింతపండు, ఇప్పపువ్వు, అడ్డాకులు, గోదావరి చేపలు కలిసి ఏడాది పొడవునా ఇల్లు నడిపేవి. సాగునీటి ప్రాజెక్టు కింద భూమి కోల్పోయే ఎస్సీ, ఎస్టీలకు కోల్పోయినంత భూమి లేదా రెండున్నర ఎకరాలు, ఏది తక్కువైతే అది, వీలైనంతవరకు ఇవ్వాలని 2013 నాటి భూసేకరణ చట్టం చెబుతోంది. జలాశయంలో చేపల వేటకూ అవకాశం కల్పిస్తోంది. పునరావాస కాలనీని జలాశయానికి దూరంగా మైదానంలో కట్టినప్పుడు మాత్రం ఆ చేపల వేట హక్కు కాగితం దాటదు. అడవి మీద వచ్చే ఆదాయానికి పట్టా ఉండదు గనుక పరిహారపు లెక్కలో అది చాలావరకు కనిపించదు. ఇళ్ల నమూనాల కన్నా ముందు, కొత్త ఊరికి అడవి ఎంత దూరమో, ఇచ్చే పొలానికి నీరు అందుతుందో లేదో తేల్చడమే అవసరమని నా అభిప్రాయం.